ఎరుకపూత

"ఇసక కలిపావా, బూడిద కలిపావా? నిజం చెప్పరా!" వరప్రసాదరావు కొత్తింటి గుమ్మం ముందు నిలబడి అరిచాడు.

ఆ మాట పడింది ఇంటికి పూత పూసిన ఇశ్రాయేలు మేస్త్రీ. కబురందగానే చిల్లకల్లులో బస్సెక్కి, నందిగామ దాకా పళ్లు నూరుకుంటూ వచ్చాడు. ఇప్పుడు నోరు తెరిస్తే ఏం మాట బయటికొస్తుందో అతనికే తెలియదు.

గృహప్రవేశం ముహూర్తం దాటి అరగంటయినా తలుపు తెరుచుకోలేదు. గేటు దగ్గర ఆవూ దూడా, పాలగిన్నెతో ఇల్లాలు వసుమతి, పట్టుబట్టల్లో చుట్టాలు, అందరూ ఎండలోనే ఉన్నారు. తాళం లేని తలుపది, నిన్న రాత్రే మొదటిసారి మూశారు. దాని చుట్టూ, ముందు గోడంతా ఎరుకపూత పూయించాడు వరప్రసాదరావు. చూడ్డానికి సిమెంటే గానీ ఆ పూతకి తెలివుంది. బీట పడితే తనే పూడ్చుకుంటుంది. యజమాని చెయ్యి తగిలితే తలుపు వదులుతుంది. పరాయి చెయ్యి తగిలితే మరింత బిగుస్తుంది. పొద్దుట్నుంచి వరప్రసాదరావు చెయ్యి కందిపోయేలా రుద్దుతున్నాడు. గడ్డపారతో పొడిస్తే గడ్డపారే వంగింది.

"నా పని అలాంటిది కాదండీ," అన్నాడు ఇశ్రాయేలు చివరికి. "గోడకి తడి పట్టిందో లేదో అరచేత్తో నిమిరి చూసేవాణ్ణి. మా ఇంటిల్లిపాదికీ అదే నేర్పా. కల్తీ చేసే చేతులు కావివి."

"కక్షరా నీకు! పెళ్లాం పోయిందని నా ఇంటి మీద తీర్చుకున్నావు. నిన్ను వెతుక్కుంటూ వచ్చి, ఎండదెబ్బకి నా వాకిట్లో పడిపోతే నా తప్పా?"

"పూతపని అయ్యాక ఆ వారం నేను జగ్గయ్యపేట స్లాబు పనిలో ఉన్నా. ఆ సంగతి దానికి తెలుసు. ఇక్కడికొచ్చి నన్నెందుకు వెతుక్కుంటదండీ? మీరు పనికి రమ్మంటేనే వచ్చింది."

"ఏం పనికి?"

రావుగారింటికి పనికెళ్తున్నానని ఇశ్రాయేలుతో అంది భార్య ఆరోగ్యమ్మ. ఏం పనో అతను అడగలేదు. చుట్టూ ఖాళీ స్థలాలు కావడంతో చూసినవాళ్లూ లేరు. ఆమె తన పనిలోనే లేదని వరప్రసాదరావు పోలీసులకి రాసిచ్చాడు. పెద్దమనిషి అబద్ధానికి సంతకం చాలు, కూలిమనిషి చావుకే సాక్ష్యాలు కావాలి! 'నా ఇంట్లో పనిచేస్తూ పోయింది' అన్న ఒక్క మాట కోసం ఇశ్రాయేలు మూడు నెలలు తిరిగాడు. ప్రతిసారీ గేటు బయటినుంచే తరిమారు.

చెంప పగలగొట్టాలని చెయ్యి లేచింది. బలవంతాన దించుకున్నాడు. చెంపదెబ్బ మాట ఆరోగ్యమ్మ నోటే బాగుండేది. చొప్ప కోసే మిషన్లో చిటికెన వేలు పోయిన నాటినుంచీ ఆమెకదో వేళాకోళం. "నాతో పెట్టుకోకయ్యో, అయిదు వేళ్లు అచ్చుపడకపోయినా వాత తేలుద్ది!" అని నవ్వేది.

ఇంతలో పూత కంపెనీ అమ్మాయి సంహిత కారు దిగింది. గోడకి ఏదో పరికరం ఆనించి చూసింది.

"కల్తీ ఏం లేదండీ. పూత బ్రహ్మాండంగా ఉంది."

"మరి తెరుచుకోదేం? పూశాక ఏడు రోజులూ నేనే స్వయంగా పైపుతో తడిపా. మీ కాగితం మీద సంతకాలు కూడా పెట్టా."

"పైపు ఒక్కటే చాలదండీ. తడుపుతూ అరచేత్తో నిమరాలి. ఆ ఏడు రోజులూ ఎవరు నిమిరితే వాళ్లనే యజమాని అనుకుంటుంది. మేమిచ్చిన పుస్తకంలో మొదటి పేజీలోనే ఉంది."

వరప్రసాదరావు ఇశ్రాయేలు వైపు వేలు చూపించాడు. "విన్నారుగా! నిమిరి చూస్తానని వాడి నోటితో వాడే చెప్పాడు. నా ఇంటికి వాడి చెయ్యి అలవాటు చేశాడు, దొంగ వెధవ! పోలీసుల్ని పిలుస్తా. ఈ చుట్టుపక్కల ఎవడు పనిస్తాడో చూస్తా."

"పూసిన రోజే వెళ్లిపోయానండీ! మళ్లీ ఈ గోడ ముట్టుకుంటే ఒట్టు!"

"వాదనెందుకు?" అంది సంహిత. "గోడనే అడుగుదాం. తనకి గుర్తున్న చెయ్యిని పైకి తేలుస్తుంది."

"అడగండి. అందరి ముందూ అడగండి."

సంహిత పరికరం నొక్కింది. తలుపు పక్కన పూత మెల్లగా ఉబ్బింది. గుండ్రటి మణికట్టు, తర్వాత కాయలు కాసిన అరచెయ్యి తేలాయి.

"చూశారా, కూలి చెయ్యి!" వరప్రసాదరావు గెలిచినట్టు కేకపెట్టాడు. "పెట్టరా నీ చెయ్యి, సరిపోతుందో లేదో చూద్దాం!"

ఇశ్రాయేలు కోపంగా ముందుకొచ్చి, చెయ్యి ఆనించబోయి ఆగిపోయాడు.

గోడ మీద చేతికి చిటికెన వేలు లేదు.