నాలుగో మనిషి

"ముగ్గురితో బండి కదలదు బాబూ. ఇంకో మడిసి రావాల."

బయస్కోపు పెట్టె ముసలాయన భీష్మించుకు కూర్చున్నాడు.

కోటబొమ్మాళి సంతకి ఆ పెట్టె కొత్త. దానికి నాలుగు కళ్లు. లోపల టర్కీ దేశమంతా ఉందట.

మూడు కళ్ల దగ్గర నరసింగరావు, అతని భార్య పద్మకుమారి, బావమరిది గణపతిరావు అప్పటికే వంగి ఉన్నారు. నరసింగరావుకి నడుం లాగేస్తోంది.

"ముగ్గురు బయల్దేరితే పనవదంటావు, అంతే కదేటి? ఓ రాయి జేబులో వేసుకుంటాలే తాతా. నాలుగో మనిషి కింద అదే ఉంటుంది. అందరూ చేసేదే కదా!"

"రాయొద్దు," అన్నాడు ముసలాయన ఠక్కున. "మడిసే కావాల."

పక్కనే మరమరాల గంపతో గున్నమ్మ కూర్చుని ఉంది. నుదుట రూపాయంత బొట్టు, చేతుల నిండా గాజులు. ఇంటికెళితే పలకరించే దిక్కు లేదు గానీ సింగారానికి లోటు లేదని సంతలో ఆడవాళ్లు నవ్వుకుంటారు.

ఆమె మొగుడు మొదటి జర్మనీ యుద్ధానికి వెళ్లి యాభై ఏళ్లు దాటింది. టర్కీ వాళ్లకి పట్టుబడ్డాడని అప్పట్లో ఎవరో అన్నారు. పోయాడని మాత్రం ఎవరూ అనలేదు. అనలేదు కనక ఉన్నాడనే గున్నమ్మ నమ్మకం. పొద్దుట్నించీ టర్కీ, టర్కీ అని వినబడుతుంటే ఆమెకి బేరం మీద ధ్యాసే లేదు.

"నువ్వు రా సెల్లీ," అని ముసలాయన ఆమెని పిలిచాడు. "ఒట్టినే సూడు."

"నాకెందుకయ్యా టర్కీలు!" అంటూనే వచ్చి నాలుగో కంటికి కన్ను ఆనించింది.

ముసలాయన తాడు లాగాడు. గంట మోగింది.

"ఓడ దిగండి బాబూ, జాగర్త, తడి మెట్లు. ఇదే ఇస్తాంబులు. ఇటో ఖండం, అటో ఖండం, నడాన సముద్రం. సెప్పులు ఇప్పీండి, మసీదులోకి ఎల్తన్నాం."

పద్మకుమారి నిజంగానే చెప్పులు విప్పేసింది.

"ఇదో కొండ. దూదేసినట్టు తెల్లగా ఉన్నాది కదేటి? దూది కాదు, రాయే. మీదనించి ఏడినీల్లు పారతన్నాయి, కాళ్లెట్టండి. ఇయ్యేమో రాతి గుట్టలు. తొలుసుకుని ఇల్లు సేసుకున్నారు. వంగండమ్మా, గుమ్మం తగుల్తాది."

నలుగురూ వంగారు.

ముగ్గురు వింతలు చూస్తున్నారు. గున్నమ్మ మాత్రం గుమ్మం గుమ్మం దగ్గరా ఒక్క మొహం కోసమే వెతికింది.

చివరి బొమ్మలో ఒక కొండ, దాని కింద రైలు పట్టాలు. ఇంకేమీ లేదు.

ముసలాయన గొంతు తగ్గింది.

"ఇక్కడ కాసేపు ఊరికే నిలబడండి బాబూ. ఈ దారి ఏసినోల్లల్లో మనోడొకడు ఈ కొండ కిందే పడుకున్నాడు."

గున్నమ్మ చివాలున లేచింది.

"సంత పూట సావు మాటలేటి! మా ఇంటాయన ఆ దేశంలోనే ఉన్నారు. నీ నోట్లో మన్నడ!"

నరసింగరావు వాళ్లు నవ్వుకుంటూ వెళ్లిపోయారు. ముసలాయన నవ్వలేదు.

"మీ ఆయన పేరేటి సెల్లీ?"

"బతికున్న మొగుడి పేరు పైకంటారేటి? ఆయుస్సు తరిగిపోదా!"

"పోనీ, ఎలా బయల్దేరేడు?"

"ముగ్గురెల్లేరు. మిగతా ఇద్దరూ కొత్తవలసోల్లు, నానెరగను. ముగ్గురు మంచిది కాదని నాను ఎనకాల పరిగెట్టి, నా అచ్చనగాయల్లో ఎర్రరాయొకటి ఆయన సేతిలో ఎట్టేను. అప్పటికి నాకింకా ఆటలు పోలేదు." గున్నమ్మ గొంతు మెత్తబడింది. "నువ్వక్కడ సూసేవేటయ్యా? పొడుగ్గా ఉంటారు. నవ్వితే కళ్లు మూసుకుపోతాయి."

ముసలాయన ఆమె బొట్టు చూశాడు. గాజులు చూశాడు.

"శానా పెద్ద దేశం సెల్లీ. నాకు అవుపించలేదు."

"మరేటి సూసేవు, బోడి కొండలా!"

ముసలాయన పెట్టె భుజానికెత్తుకున్నాడు. వెళుతూ వెళుతూ ఆమె గంపలో మోచేతి దాకా చెయ్యి దూర్చి గుప్పెడు మరమరాలు తీశాడు.

"ఓలమ్మ! అడగా పెట్టా లేదు, నీ అబ్బ సొమ్మేటి?" గున్నమ్మ గంప లాక్కుంది. "ఇంకోపాలి ఈ సంతలో అవుపడితే నీ పెట్టె బద్దలుకొట్టెస్తాను!"

"రాను సెల్లీ. నా పని అయిపోనాది."

ముసలాయన స్టేషన్ వైపు నడిచాడు. మరమరాలు గుప్పిట్లోనే ఉన్నాయి.

సంత అయిపోయాక గున్నమ్మ గంప బోర్లించింది. ఆఖర్న ఠక్కుమని ఏదో పడింది.

ఎర్రరాయి.

బొడ్లోని సంచి విప్పి, మిగిలిన నాలుగు అచ్చనగాయలూ పక్కన పోసింది. అదే రంగు, అదే రాయి. ఇన్నేళ్లూ ఎవరి చేతిలోనో నలిగి నలిగి ఇదొక్కటే సగానికి అరిగిపోయింది.

గున్నమ్మ గంప అక్కడే వదిలేసి స్టేషన్‌కి పరిగెత్తింది.

బండి వెళ్లిపోయింది. ప్లాట్‌ఫారం మీద పురుగు లేదు. చివర్న, పిండం పెట్టినట్టు, గుప్పెడు మరమరాలు కుప్పగా పోసి ఉన్నాయి. కాకులు తింటున్నాయి.

ఆ మనిషి పేరడగలేదు. ఊరడగలేదు. గుక్కెడు నీళ్లైనా ఇవ్వకపోగా నోట్లో మన్ను పడాలంది. గున్నమ్మకి దుఃఖం ఆగలేదు. అక్కడే కూలబడింది.

ఇంక ఆయుస్సు తరుగుతుందన్న భయం లేదు.

"సోములూ..." అని పిలిచింది, పెళ్లయ్యాక మొట్టమొదటిసారి.

సోములుతో బయల్దేరిన ఇద్దరిలో ఒకడు, ఆ కొండ కింద అతన్ని తన చేతులతో మట్టిచేసినవాడు, నాలుగో మనిషిని ఇల్లు చేర్చడానికి ఇన్నేళ్లు సంతసంతా వెతికి వచ్చి, ఆమె బొట్టు చెరిపే మాట నోటితో చెప్పలేక, తిట్లు తిని వెళ్లిపోయాడు.