నీలం దారం

రెండో వేలు విరిగినా జానయ్య నోరు విప్పలేదు.

అతని ముందు ఒక అంగీ పడి ఉంది. తెల్లవారుజామున కట్టంగూర్ గుట్టల్లో కమ్యూనిస్టు దళం మిలిటరీ మీద కాల్పులు జరిపింది. ఇద్దరు సిపాయిలు చచ్చారు. దళం పారిపోతూ వదిలేసిన అంగీ అది. జేబులో నాలుగు తూటాలు, మెడపట్టీ లోపల నీలం దారంతో చిన్న కుట్టు.

జానయ్య ఊరి చాకలి. అక్షరం ముక్క రాదు. ఏ బట్ట ఏ ఇంటిదో రంగుదారంతో గుర్తు పెట్టుకుంటాడు. కరణానికి పసుపు, కోమటికి ఆకుపచ్చ. ఎర్రదారాన్ని మాత్రం మిలిటరీ కాంపు దిగిన రోజే పొయ్యిలో వేశాడు. ఎర్ర రవిక తొడుక్కున్న పాపానికి సిపాయిల దెబ్బలకు ఈదమ్మ వీపు ఎలా చిట్లిందో ఊరంతా చూసింది మరి.

విచారిస్తున్న మిలిటరీ జమాదారుకు తెలుగు రాదు. పక్కన కుర్చీలో కూర్చుని రఘుపతి దొర దుబాసీ పని చేస్తున్నాడు. పోయిన ఏడాది రజాకార్లను వెంటబెట్టుకొచ్చి ముగ్గురిని గడ్డివాముల్లో వేసి కాల్పించిన దొరే. ఇప్పుడు ఖద్దరు టోపీ పెట్టాడు. అప్పుడు తొడిగిన షేర్వానీ ఉతికిందీ జానయ్యే, ఈ టోపీ ఉతికిందీ జానయ్యే.

“నీలం ఎవరింటిదిరా? చెప్తే గా ఇంట్ల మొగోన్ని కాలుస్తరు, నిన్ను ఇడిచిపెడ్తరు” అన్నాడు దొర. “నీ కొడుకు షోలాపూర్ మిల్లుల సంపాయిస్తుండు. ఎవనికోసమో నీకెందుకురా గీ దెబ్బలు?”

“నా నోటితోని చెప్పలేను, నీ బాంచెన్.”

తుపాకీ మడమ మూడో వేలి మీద పడింది. జానయ్య గావుకేక పెట్టాడు. ఏడుస్తూనే, మిగిలిన చూపుడువేలు ఎత్తి దొర వైపు చూపించాడు.

దానికి దుబాసీ అక్కర్లేదు. దొర పకపకా నవ్వాడు. జమాదారు నవ్వలేదు. సిపాయిలు దొర గడీలోకి పోయి దండెం మీది బట్టలన్నీ తెచ్చి కుప్ప పోశారు. తిరగేసిన ప్రతి మెడపట్టీలోనూ నీలం దారమే. చివరికి దొర నెత్తిమీది టోపీ లాగి చూశారు. అందులోనూ అదే.

గడీ గోడకు నిలబెట్టి దొరను కాల్చారు. “నాది కాదు” అన్న మాట సగంలోనే ఆగింది. తెల్లటి ఖద్దరు అంగీ ఛాతీ నుంచి నడుం దాకా ఎర్రబడింది. జానయ్య కళ్లార్పకుండా చూశాడు. ఆ మరక ఏ చౌడుమట్టికీ వదలదని అతనికి తెలుసు.

ఇంట్లో సోమమ్మ అతని వేళ్లకు పసుపు పెట్టి గుడ్డ చుట్టింది. లేచి తలుపు గడియ వేసింది. మొగుడి చెవి దగ్గరికి వంగి మెల్లగా అడిగింది.

“మన పోరడు గుట్టకు పట్టుకపోయిన రెండో అంగీకి ఏ ఇంటి దారం కుట్టినవు?”