వీపు చూసిన సాక్షి

“ఫోను ఎత్తరేం? జేబుకు బరువుండాలని కొనుక్కున్నారా?”

వంగి బూటు లేసు కట్టుకుంటున్న ఆయన పక్కనుంచి చక్రాల పెట్టెను లాక్కుని న్యాయమూర్తి గారు ముందుకు సాగిపోయారు. చెల్లెలి ఊరి నుంచి నెల తర్వాత వస్తున్న భర్త కోసం, డ్రైవరుకు సెలవిచ్చి మరీ, తనే స్టేషన్‌కు వచ్చారు. ప్లాట్‌ఫారం నిండా జనం, మాట వినబడనంత గోల. అయినా ఆ బట్టతల, ఒక భుజం దించి నడిచే ఆ నడక దూరం నుంచే కనబడ్డాయి.

“అది కాదండీ...” అంటూ ఆయన లేచి వెంటపడ్డారు.

“మీరేం చెప్పొద్దు. మీ చెల్లెలు బాగానే మేపినట్టుంది, వెనక నుంచే తెలుస్తోంది. ఆ గళ్ల చొక్కా కూడా ఆవిడ కొనిపెట్టిందేనా?”

“నా పెట్టె...”

“నేను లాగుతాలెండి. మీ నడుము సంగతి నాకు తెలీదా?”

బెంచీ మీద ఒంటరిగా కూర్చున్న ముసలాయన ముసిముసిగా నవ్వుకున్నాడు. తిట్టడానికి ఒక మనిషంటూ ఉండటమే భాగ్యం అన్నట్టుగా కాళ్లు పక్కకు తీసి దారిచ్చాడు.

జనాన్ని తప్పించుకుంటూ, వెనక్కి చూడకుండానే ఆవిడ అందుకున్నారు.

“రేపే తీర్పు. తల వేడెక్కిపోతోందనుకోండి. హత్య కేసు అప్పీలు. కింది కోర్టు ఒక ఎలక్ట్రీషియన్‌కు యావజ్జీవం వేసింది. ఇద్దరు చిన్నపిల్లలట. సాక్షి ఒక్కడే, ఎదురుగా మందుల కొట్టాయన. హత్య జరిగిన ఇంట్లోంచి ఇతను పరుగెత్తడం చూశాడు.”

వెనక ఆయన ఆయాసపడుతూ అడుగులు వేగం చేశారు.

“నా పక్కన కూర్చునే కుర్ర జడ్జి ఏమంటాడో తెలుసా? ‘సాక్షి అబద్ధమాడాడని కాదు మేడం, పొరబడి ఉండొచ్చు. చూసింది వీపే కదా’ అంటాడు. వీపైతేనేం? ఏళ్ల తరబడి కళ్లముందు తిరిగే మనిషి! పోల్చుకోలేడా? గట్టిగా అంటే, ‘సరే, మీ మాటే నా మాట’ అన్నాడు పాపం. ఇక శిక్ష ఖాయం చేసి సంతకం పెట్టడమే.”

“ఒక్క మాట, మేడం...”

“మీరూ మేడం అంటారేం? నెల్లాళ్లు దూరంగా ఉన్నా వెక్కిరింతలు మాత్రం తగ్గలేదు!” ఆవిడకు నవ్వొచ్చింది.

కారు దగ్గరికి వచ్చి డిక్కీ తెరిచారు. పెట్టె ఎత్తబోతుంటే ఆయన చెయ్యి అడ్డం పెట్టి, కాస్త ఊపిరి తీసుకుని, మెల్లగా అన్నారు:

“ఆ సంతకం పెట్టేముందు ఒక్కసారి నా మొహం చూడండి మేడం, నేను మీ ఆయన్ని కాదు.”