ఎంగిలి

"పెద్దమ్మ మళ్లీ తిండి దాస్తోందక్కా," అంది లూటీ, రొట్టె ముక్కలు కోస్తూ.

వెర్నీస్ తల తిప్పి చూసింది. తల్లి ఒడెల్లా పొయ్యి పక్కన నిలబడి, ఇంకా ముట్టుకోని తన పళ్లెంలోంచి కోడి కాలు, మొక్కజొన్న రొట్టె తీసి గుడ్డలో మూటకడుతోంది. మూట చేతిసంచిలో పెట్టుకుని, మిగిలిన ఆకుకూర మాత్రం నిలబడే తింది. బల్ల దగ్గర కూర్చోమంటే ఎంతకీ కూర్చోదు.

వెర్నీస్ పెద్ద ప్రొఫెసర్. నల్లజాతి ఆడవాళ్ల బతుకుల మీద ఆమె రాసిన పుస్తకాలకు దేశమంతా పేరుంది. ఆ పేరు మొదటి పుస్తకంలోని ఒక్క వాక్యంతో మొదలైంది: "మా అమ్మ పనిచేసే తెల్లవాళ్లింట్లో యూజీనియా అనే పిల్ల తినగా మిగిలిన ఎంగిలి, సాయంత్రానికి మూటలో మా ఇంటికి వచ్చేది."

వాళ్ల ఊరు గ్రీన్‌వుడ్‌లో అలాంటి మూట ఎరగని నల్లపిల్ల లేదు. తక్కినవాళ్లు దానికోసం గుమ్మంలో ఎదురుచూసేవాళ్లు. వెర్నీస్‌కి మాత్రం ఒళ్లు మండేది.

ఆ పుస్తకం వచ్చాక ఒడెల్లా కూతురితో మాటలు తగ్గించేసింది. కారణం అడిగితే చెప్పలేదు. ఇప్పుడు మతిమరుపు ఆమెను కొంచెం కొంచెంగా మింగేస్తోంది. అంతా మరిచిపోయేలోగా, "పోనీలే" అన్న ఒక్క మాట తల్లి నోట వినాలని వెర్నీస్ వచ్చింది.

"నేను రాసినదాంట్లో అబద్ధం ఏముందే?" అంది లూటీతో.

"అబద్ధమని నేనన్నానా? చర్చిలో అందరి ముందూ చదివావు చూడు, ఆ రోజు పెద్దమ్మ టోపీ తీసి ఒళ్లో పెట్టుకుంది. ఆదివారం పూట గర్వంగా పెట్టుకునే ఆ టోపీ ఆవిడ తియ్యడం నేనెప్పుడూ చూళ్లేదు."

 కానీ వెర్నీస్ వచ్చిన దగ్గర్నుంచీ తల్లి ఎంతో ముద్దుగా ఉంటోంది. మెడకి తువ్వాలు చుట్టి, సూప్ చల్లార్చి, "తినండి బేబీ" అంటోంది. ప్రొఫెసర్ని కదా అని ఆటపట్టిస్తోందనుకుని వెర్నీస్ నవ్వుకుంది. చిన్నప్పుడు ఎన్నడూ దొరకని ఆ గారానికి ఆమె గుండె కరిగిపోయింది. అమ్మ తనను క్షమించేసిందని లూటీతో చెప్పుకుని ఏడ్చింది కూడా.

సాయంత్రం ఒడెల్లా మళ్లీ మూటకట్టింది. ఎముకలు తేలిన ఆ చేతుల్ని చూసి వెర్నీస్ ఉండబట్టలేకపోయింది.

"నీ కడుపు మాడ్చుకుని ఇదంతా ఎవరికమ్మా? రా, ఇద్దరం తిందాం."

మూట విప్పి, రొట్టె తుంచి, నవ్వుతూ నోటి దాకా తీసుకెళ్లింది. ఒడెల్లా గబుక్కున ఆమె మణికట్టు పట్టుకుంది. ఆ గొంతులో కోపం లేదు, ఉన్నదంతా బతిమాలుకోవడమే.

"ఎంగిలి చెయ్యకండి మిస్ యూజీనియా, అది మా వెర్నీస్‌కి."