మూడో చరణం

ఇద్దరు సూర్యుళ్లు పొడిచే అడవిలో ఎవరు చనిపోయినా ముసలి గోరువంకే సాగనంపే పాట పాడేది. చిన్న సూర్యుడు వాలేలోగా పాట పూర్తయితేనే పోయినవాళ్ల నీడ అడవి దాటి హాయిగా వెళ్తుంది.

ఒకనాడు గోరువంక భార్యే కన్నుమూసింది. రెండు చరణాలు బాగానే పాడిన గోరువంకకు మూడోదాని దగ్గర ఏడుపొచ్చి పాట తెగిపోయింది.

"తప్పింది. మొదటినుంచి అందుకో," అంది తంతు జరిపించే కొంగ.

మళ్లీ పాడింది, మళ్లీ అక్కడే ఆగిపోయింది. చిన్న సూర్యుడు కొండ అంచుకు చేరాడు. 'దాని నీడను నేనే ఇక్కడ కట్టిపడేస్తున్నాను' అని గోరువంక కుమిలిపోయింది.

ఎప్పుడూ నోరు విప్పని ముళ్లపంది వచ్చి పక్కన కూర్చుంది.

"అన్నా, మళ్లీ మొదటికి పోకు. ఏడుపొచ్చిన చోట ఏడువు. నువ్వు తేరుకునేదాకా వదిన ఆగుతుంది, మేమూ ఆగుతాం."

కొంగ ఏదో అనబోయి, గోరువంక ముఖం చూసి తానూ వచ్చి పక్కన కూర్చుంది.

గోరువంక కరువుతీరా ఏడ్చింది. తర్వాత, కొండ అంచున చిన్న సూర్యుడు ఇంకా మిగిలి ఉండగానే, మూడో చరణం పాడింది. చివరి మాట పూర్తవగానే నీడ లేచి, చెట్ల మీదుగా మెల్లగా వెళ్లిపోయింది.

ఇప్పుడు ఆ పాట నేర్చుకునే పిట్టలకు కొంగే చెబుతుంది: "మూడో చరణం ముందు కాసేపు ఆగాలర్రా. పాటలో అలాగే ఉంది."