పుట్టుక అంకె

2005 మే నెల, ఒక శుక్రవారం మధ్యాహ్నం. అరకు సంతవీధిలోని వినయ్ కంప్యూటర్స్‌లో జరిగిన ఆట పోటీలో ఆ కొట్టు యజమాని వినయ్ ఓడిపోయాడు. అతని దగ్గర ఆరు పులులున్నాయి. అవతలి మనిషి దగ్గర ఒక్క ఉడుత ఉంది.

ఆట పేరు అడవి సైన్యం. వైజాగ్‌లో ఒక కంపెనీ తయారుచేసింది. జంతువుల్ని పట్టాలి, పెంచాలి, ఎదుటివాడి జంతువులతో కొట్టించాలి. ఏజెన్సీ ప్రాంతం పోటీలో గెలిచినవాడికి వైజాగ్ ఆఫీసులో ఉద్యోగమని కంపెనీ ప్రకటించింది. ఆ ఉద్యోగం వినయ్‌కి కావాలి. రాకపోతే వాళ్ల నాన్న రమణమూర్తి అతన్ని చింతపండు కొట్లో కూర్చోబెడతాడు.

"జూన్ దాకా చూస్తాను. తర్వాత నీ కంప్యూటర్ల మీద బస్తాలేస్తాను," అని ఆయన భోజనాల దగ్గర రోజూ చెప్పేవాడు.

వినయ్ భయపడలేదు. అతనికి లెక్క తెలుసు. సంతరోజు ఆడటానికి వచ్చినవాళ్లందరికీ ఆ లెక్క వినిపించేవాడు కూడా.

"ప్రతి జంతువుకీ పుట్టుక అంకె ఒకటుంటుంది. పైకి కనబడదు. చచ్చేదాకా మారదు. పట్టిన రోజు దాని బలమెంతో, వేగమెంతో చూసి, అందులోంచి ఆ జాతికంతటికీ ఒకటేగా ఉండే జాతి అంకె తీసెయ్యాలి. మిగిలిందే పుట్టుక. అది తక్కువైతే పారెయ్యడమే."

"మరి పెంచడం ఎందుకు బాబూ?" అన్నాడు సుక్రు.

సుక్రుకి అనంతగిరి రూట్లో సొంత జీపుంది. నల్లకళ్లద్దాలు గదిలో కూడా తీసేవాడు కాదు. మూడేళ్లుగా వచ్చి ఆడుతున్నాడు. ఆడితే వీధి చివరిదాకా వినబడేది. "ఇంకో గద్ద కూలిపోనాది!" అని అరిచేవాడు. పక్క కుర్చీ వాళ్లు ఉలిక్కిపడేవాళ్లు.

"పెంచితే సాధన అంకె కలుస్తుంది," అన్నాడు వినయ్. "పులిని కొడితే బలం. ఎలుగుని కొడితే ఓర్పు. గద్దని కొడితే వేగం. అన్నిటికీ కలిపి ఒకటే కుండ. నిండిందంటే ఇంక చుక్క పట్టదు. అయినా నీకెందుకురా ఇదంతా? నీ ఉడుత పుట్టుక అంకె నేను తీశాను. అంతకంటే తక్కువ ఈ ఆటలో లేదు."

అందరూ నవ్వారు. సుక్రు ఇంకా గట్టిగా నవ్వాడు.

"ఉడుతకేటి బాబూ, సెట్టెక్కితే సాలదా?"

ఏప్రిల్‌లో, చివరి ఆటకి తనూ సుక్రూ మిగిలాక, వినయ్ ఒక సంగతి గమనించాడు. తెరమీదికి పులి వస్తే సుక్రు పారిపోయే మీట నొక్కుతున్నాడు. ఒకసారి కాదు, ప్రతిసారీ.

"ఏంరా, బొమ్మపులికి కూడా భయమేనా?"

"పులికో దణ్ణం బాబూ," అని సుక్రు తెరకి చేతులు జోడించాడు.

మర్నాడు చిట్టెమ్మ అనే ఆవిడ రమణమూర్తి కొట్టుకి చింతపండు తూకానికి తెచ్చింది. ఆమెది సుక్రు ఊరే. వినయ్ ఆమెకి స్టూలు వేశాడు. అంతకుముందు ఎప్పుడూ వెయ్యలేదు.

"మీవాళ్లు పులిని కొట్టరా చిట్టెమ్మా?"

"మా ఇంటిపేరు కిల్లో కదా బాబూ. పులి మాకు అన్నదమ్ముల వరస. అడివిలో ఎదురొచ్చినా సెయ్యెత్తం. పాంగివోళ్లకి గద్ద, కొర్రావోళ్లకి సూరీడు. ఎవలది ఆళ్లకి."

"సుక్రు నీకేమవుతాడు?"

"అల్లుడు వరస. మా సెడ్డ గుంటడు. ఏటి, జీపు గుద్దీసినాడా?"

వినయ్‌కి అంతవరకూ చాలు. ఆమె ఇంకా ఏదో చెబుతుంటే లోపలికి వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రం తన సైన్యాన్నంతా అడవిలో వదిలేశాడు. ఏడాది పెంచిన ఏనుగు వెళ్లింది. ముళ్లపంది వెళ్లింది. ఆరు స్థానాల్లోనూ పులిపిల్లల్ని పెట్టాడు. పుట్టుక అంకె తక్కువైనదాన్ని మాత్రం ఉంచుకోలేదు. ఆ ఒక్క విషయంలో అతను రాజీపడే మనిషి కాదు. పట్టినవాటిని పెంచలేదు. ఎత్తని చేతి ముందు బలమెందుకు?

పోటీకి కంపెనీ నుంచి సర్వేశ్వరరావు వచ్చాడు. రెండు కంప్యూటర్లకి తీగ కలిపారు. కిటికీ నిండా తలలు. రమణమూర్తి కూడా కొట్టు వదిలి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

వినయ్ మొదటి పులిని దింపాడు. తెర చూడలేదు. సుక్రు చేతులు చూశాడు, ఎప్పుడు జోడిస్తాడా అని.

సుక్రు ఒక వేలు కదిపాడు. పులి పడిపోయింది.

"ఒరే! అది పులిరా!"

"ఔను బాబూ. పిల్లలాగ ఉన్నాది. బేగి ఇంకోటి దింపు."

వినయ్ రెండోదాన్ని దింపాడు. అది పంజా ఎత్తేలోపు ఉడుత కొట్టేసింది. మూడోదీ అంతే. ఆరోది పడేసరికి ఉడుత ఒంటిమీద గీత కూడా లేదు.

"నువ్వు పులిని కొట్టకూడదు. మీ ఆచారం అది," అన్నాడు వినయ్. గొంతు పైకి లేచింది.

సుక్రు కళ్లద్దాలు తీశాడు. "ఎవలు సెప్పినారు?"

రమణమూర్తి కంప్యూటర్ బల్లల్ని కళ్లతో కొలుస్తున్నాడు.

సర్వేశ్వరరావు తెర దగ్గరికి వంగి చూశాడు. "ఉడుతకి ఇంత వేగం ఎలా తెచ్చావయ్యా?"

"ఏటుంది సారూ. గద్దల్నే కొట్టీసినాను. ఇంకోదాన్ని ముట్టుకోలేదు, కుండ దాంతో నిండిపోద్ది కదా."

సర్వేశ్వరరావు కలం తీశాడు. "ఉద్యోగం కాగితంలో పూర్తి పేరు రాయాలి. ఇంటిపేరేంటి?"

మూడేళ్లలో వినయ్ అతన్ని ఆ మాట అడగలేదు.

"పాంగి," అన్నాడు సుక్రు.