వెనక ఉన్నోళ్లు

స్పీకర్‌లో సైరన్ మోగుతుండగానే హనుమంత రావు దొర నా చేతిలోని ఫోన్ లాక్కున్నాడు. అవతల ఇజ్రాయెల్‌లో నా భర్త రాజేశ్, తాను చూసుకునే ముసలాయనను వీపున మోస్తూ మూడో అంతస్తు మెట్లు దిగుతున్నాడు.

“భయపడకు రాజేశ్! మేమందరం వాళ్ల వెనక ఉన్నమని మీ ముసలాయనకు చెప్పు. అమెరికా సుత ఉన్నది!”

టీవీ చూసి చూసి దొరకు యుద్ధం మీద ప్రేమ పుట్టింది.

రాజేశ్ రొప్పుతూనే ఆ మాట చెప్పాడు. ముసలాయన ఏదో గొణిగాడు.

“ఏమన్నడు? ఖుషీ అయిండా?”

“అమెరికోళ్లు గూడ రోజూ గిదే చెప్తరట దొరా. ‘వెనక ఉన్నోళ్లు మస్తుమంది, మోసెటోనివి నువ్వొక్కనివే. నీ వీసా అయిపోంగనే గిది నీ దేశం కాదు పొమ్మంటం, మాకు సిగ్గు లేదు’ అంటున్నడు.”

దొర ఫోన్‌ను అటూ ఇటూ తిప్పాడు. “సిగ్నల్ సక్కగ లేదు.”

దొర కనిపిస్తే లేచి నిలబడటం మా కోరుట్ల వాడకట్టులో అలవాటు. బీడీల చేట ఒళ్లోంచి దించకుండా, కూర్చునే చెయ్యి చాచాను.

“ఫోన్ ఇటు తే. నా మొగుడు ఇంక మెట్ల మీదనే ఉన్నడు.”